ఇంటిపేరు... ఓ ఊరి జ్ఞాపకం!

ఘంటసాల అనగానే పాట గుర్తొస్తుంది. గుమ్మడి అనగానే తెరమీది తండ్రి పాత్రలు కళ్లముందు కదులుతాయి. నిజానికి ఇద్దరి పేరూ ఒకటే... వెంకటేశ్వరరావు! వీధికో వెంకటేశ్వరరావు ఉన్నచోట ఎవరు ఎవరో చెప్పేది ఇంటిపేరే. వీళ్ల విషయంలో అయితే అసలు పేరును పక్కకు నెట్టి తానే పేరైపోయింది. ఇంతకీ ఈ ఇంటిపేర్లు ఎక్కణ్నుంచి వచ్చాయి?

ఊరి నుంచి ఇంటికి

తెలుగువారి ఇంటిపేర్లలో చాలావాటికి మూలం ఏదో ఒక ఊరు. ఘంటసాల కృష్ణా జిల్లాలో పురాతన బౌద్ధ స్తూపం ఉన్న ఊరు. పోతన ఇంటిపేరు బమ్మెర ఇప్పటి జనగామ జిల్లాలోని పల్లె. అన్నమయ్య ఇంటిపేరు తాళ్లపాక రాజంపేట దగ్గర ఉంది.

కొన్ని ఊళ్లు ఇంటిపేరుగా మారేటప్పుడు చివర్లో కాస్త రూపు మార్చుకుంటాయి. టంగుటూరు టంగుటూరి అవుతుంది. గార్లపాడు గార్లపాటి, వంగిపురం వంగిపురపు అవుతాయి. ఊరు-ఊరి చెరువు, నాడు-నాటి మాట, బియ్యం-బియ్యపు గింజ... మనం రోజూ మాట్లాడే వ్యాకరణమే ఇదీ. టంగుటూరి ప్రకాశం అంటే టంగుటూరుకు చెందిన ప్రకాశం అన్నమాట. అందుకే మనకు ఇంటిపేరు ముందు, మనిషి పేరు తర్వాత.

సొంత ఊళ్లో ఉన్నంతకాలం ఊరిపేరు చెప్పుకోవాల్సిన పనిలేదు. అక్కడ అందరిదీ అదే ఊరు కదా! పొట్ట చేతపట్టుకుని మరోచోటికి వెళ్లినప్పుడే 'ఫలానా ఊరివాళ్లు' అంటారు. అలా చాలా ఇంటిపేర్లు పూర్వీకుల వలసకు గుర్తులు. సర్వేపల్లి రాధాకృష్ణన్ 1888లో పుట్టింది తిరుత్తణిలో. పూర్వీకుల ఊరు మాత్రం నెల్లూరు జిల్లా సర్వేపల్లి. నిమ్మకూరులో పుట్టిన ఎన్టీఆర్ ఇంటిపేరులో ఉన్నది నందమూరు.

వృత్తి, యాగం, వంకాయ!

అన్నీ ఊళ్లే కావు. గ్రామ లెక్కలు చూసినవారు కరణం, సోమయాగం చేసినవారు సోమయాజుల అయ్యారు. చింతా, మామిడి, మిరియాల, పెసల, వంకాయల... ఇలా చెట్లూ పంటలూ కూడా ఇంటిపేర్లే. వాటి వెనకున్న కథలు చాలా కుటుంబాల్లో ఎప్పుడో మరుగునపడ్డాయి.

బంధుత్వాలకూ ఇదే కొలమానం. ఇంటిపేర్లు కలిస్తే చాలా కుటుంబాల్లో పెళ్లి మాటే ఎత్తరు. దత్తత వెళితే ఇంటిపేరు మారుతుంది. పూడిపెద్ది వారి అబ్బాయి శ్రీరంగం వారికి దత్తత వెళ్లబట్టే శ్రీరంగం శ్రీనివాసరావు అయ్యాడు, మనకు 'శ్రీశ్రీ' దొరికాడు! పెళ్లితో ఆడపిల్ల ఇంటిపేరు మారడం ఆనవాయితీ. పుట్టింటి పేరునే ఉంచుకుంటున్నవారూ ఇప్పుడు తక్కువేం కాదు.

ఇంటిపేరు వినగానే కులం ఆరా తీసేవాళ్లున్నారు. అది ఇష్టంలేక దాన్ని వదిలేసినవాళ్లూ ఉన్నారు. కానీ ఒకే ఊరి నుంచి వెళ్లిన వేర్వేరు కులాలవారికి ఒకే ఇంటిపేరు ఉండటం మామూలే. ఊరు అందరిదీ మరి!

పొడి అక్షరమైపోతోంది

పీవీలోని 'పీ' పాములపర్తి. వీవీఎస్ లక్ష్మణ్ పేరులోని మొదటి 'వీ' వంగిపురపు. ప్రముఖులు కాబట్టి ఎవరో ఒకరు రాసిపెట్టారు. మరి మామూలు ఇళ్లలో? స్కూలు రిజిస్టరులో 'కె' అని ఉంటే అది కందుకూరో, కాటూరో, కొమ్మూరో ఎవరు చెప్పాలి? పాస్‌పోర్టు దరఖాస్తులో 'సర్‌నేమ్' గడి దగ్గరికి వచ్చాకగానీ దాని పూర్తి రూపం గుర్తురానివాళ్లున్నారు. అమెరికా వెళితే అది పేరు చివరికి చేరుతుంది. సత్యనారాయణ నాదెళ్ల ప్రపంచానికి సత్య నాదెళ్లగానే తెలుసు. ముందున్నా వెనకున్నా పూర్తిగా ఉంటే నయమే. ఒక్క అక్షరంగా మిగిలితేనే ఇబ్బంది. దానర్థం తెలిసిన పెద్దవాళ్లు పోతే, ఏ ఊరి నుంచి బయల్దేరామో చెప్పే ఆధారం వారితోపాటే పోతుంది.

అందుకే ఈసారి తాతయ్యనో అమ్మమ్మనో కలిసినప్పుడు అడిగి చూడండి. మీ ఇంటిపేరేమిటి, అది ఊరా, చెట్టా, వృత్తా? అమ్మ పుట్టింటి పేరు, నానమ్మ పుట్టింటి పేరు కూడా అడిగి పూర్తిగా రాసిపెట్టుకోండి. పిల్లలకు ఇల్లూ పొలం అప్పగించినట్టే, ఇదీ అప్పగించాల్సిన ఆస్తే!