ఉత్కంఠ ఎవరి పక్షం?

గుడివాడలో సాహిత్య సభ ముగిసి బస్సులో బందరు వస్తుంటే, దివిసీమకు చెందిన నా పూర్వ విద్యార్థి ఫోనులో ఒక పాడ్‌కాస్ట్ వినిపించాడు. 2008లో మొదలైన ‘రైటింగ్ ఎక్స్‌క్యూజెస్’ అది. అపరాధ, భయానక, శాస్త్ర కల్పనలు రాసే మెళకువలు చెబుతారు. అతను ఉప్పెన మీద ఉత్కంఠభరితమైన నవల రాయాలనుకుంటున్నాడు. “ఇవి నేర్చుకోవడం తప్పా మాస్టారూ?” అన్నాడు.

తప్పు కాదు. ఉత్కంఠ శిల్పంలో భాగమే. అది పాఠకుణ్ణి ఏ కారణం దగ్గరకు చేరుస్తుందన్నదే ప్రశ్న. కొమ్మూరి సాంబశివరావు డిటెక్టివ్ యుగంధర్ ఆధారాలు పట్టుకుని హేతువు వెదికాడు. యండమూరి ‘తులసిదళం’ చేతబడి భయాన్ని ఇంటింటికీ చేర్చింది. దానికి పట్టు తక్కువని ఎవరూ అనలేరు. కాని చేతబడి నెపంతో మనుషుల్ని చంపే సమాజంలో ఆ భయానికి బలయ్యేది నిరుపేదలే.

1977 నవంబరు 19 సంగతే చూడండి. అల వస్తుందని పాఠకుడికి తెలుసు, పాత్రలకు తెలియదు. ఈ తేడాయే ఉత్కంఠ. పాడ్‌కాస్ట్ ఇంతవరకు నేర్పగలదు. ఆ తర్వాతి పని రచయితది. వేలాది చావులకు సముద్రుడి కోపమే కారణమంటే కథ అక్కడితో సరి. తాటాకు గుడిసెల్లో ఎవరున్నారు, పక్కా మేడ ఎవరిది, హెచ్చరిక అందరికీ ఎందుకు అందలేదు అని అడిగితే అసలు అపరాధ పరిశోధన అప్పుడు మొదలవుతుంది.

“నేర్చుకో. పాఠకుణ్ణి చివరి పేజీ దాకా లాక్కుపో. అక్కడ ఏం చూపిస్తావో మాత్రం ముందే తేల్చుకో” అన్నాను.