విరేచనాలు తగ్గలేదని ఓఆర్‌ఎస్ మానేస్తున్నారా?

పసిబిడ్డకు నీళ్ల విరేచనాలు పట్టుకుంటే ఇంటిల్లిపాదీ వేసే లెక్క ఒకటే: పొద్దుట్నుంచి ఎన్నిసార్లయింది? ఓఆర్‌ఎస్ పొడి కలిపి పట్టాక కూడా ఆ లెక్క తగ్గకపోతే, ఈ నీళ్లతో ఏమవుతుంది, మంచి మందేదైనా రాయించుకుందాం అంటారు. ఇక్కడ తప్పు ఓఆర్‌ఎస్‌ది కాదు, దాన్ని తూచిన కొలతది. విరేచనాలను ఆపడం కోసం దాన్ని తయారుచేయలేదు. వాటితో పోయిన నీటినీ లవణాలనీ తిరిగి ఒంట్లోకి చేర్చడమే దాని పని. పిల్లల్లో నీళ్ల విరేచనాలు ఎక్కువగా వైరస్‌ల వల్ల వస్తాయి, చాలావరకు కొద్ది రోజుల్లో వాటంతటవే సర్దుకుంటాయి. ఈలోపు ప్రాణం మీదికి తెచ్చేది ఒంట్లో నీరు ఇంకిపోవడం. ప్రపంచ ఆరోగ్య సంస్థ అంచనా ప్రకారం విరేచనాల వ్యాధులతో ఏటా సుమారు 4.4 లక్షల మంది ఐదేళ్లలోపు పిల్లలు చనిపోతున్నారు. కాబట్టి బిడ్డ ఒంట్లోంచి ఎంత పోయిందన్న లెక్క ఒక్కటే చాలదు. ఎంత మిగిలిందో కూడా కనిపెట్టాలి.

పెద్దవాళ్లు తట్టుకునే విరేచనాలకు పసివాళ్లు ఎందుకు వాడిపోతారంటే, వాళ్ల ఒంట్లో నీటి పాలే ఎక్కువ. పుట్టిన బిడ్డ బరువులో ముప్పావు వంతు నీరే. బరువుతో పోలిస్తే చర్మం విస్తీర్ణం ఎక్కువ, ఊపిరి వేగం ఎక్కువ, కనుక మామూలు రోజుల్లోనే నీరు త్వరగా ఖర్చవుతుంది. మూత్రాన్ని చిక్కబరిచి నీటిని దాచుకునే నేర్పు నెలల పిల్లల కిడ్నీలకు ఇంకా పూర్తిగా రాదు. ఎనిమిది కిలోల బిడ్డ 800 మిల్లీలీటర్ల నీరు కోల్పోతే బరువులో పదో వంతు పోయినట్టే, అది ప్రాణాపాయ స్థితి. పైగా దాహమేస్తోందని నోరు తెరిచి చెప్పుకోలేని వయసు.

కనిపెట్టడానికి ఖరీదైన పరీక్షలేమీ అక్కర్లేదు. మొదట చూడాల్సింది మూత్రం. డైపర్‌లో పల్చటి విరేచనం, మూత్రం కలిసిపోయి ఏది ఏదో తెలియదు, అందుకే ఆ నాలుగు రోజులూ నూలుగుడ్డ వాడటం మేలు. ఆరు గంటలు దాటినా మూత్రం రాకపోయినా, వచ్చింది ముదురు పసుపుగా ఉన్నా నీరు తగ్గుతోందని అర్థం. నాలుక తడారిపోవడం, కళ్లు గుంటలు పడటం, ఏడాదిలోపు పిల్లల నడినెత్తిన మెత్తటి మాడు లోపలికి దిగడం తర్వాతి గుర్తులు. బిడ్డను వెల్లకిలా పడుకోబెట్టి, బొడ్డుకూ పొట్ట పక్కకూ నడిమధ్య చర్మాన్ని బొటనవేలు, చూపుడువేళ్లతో నిలువుగా పట్టి పైకి లాగి వదలాలి. చటుక్కున సర్దుకుంటే ఫర్వాలేదు. మెల్లగా సర్దుకుంటే నీరు తగ్గినట్టు. మడత రెండు సెకన్లకు మించి నిలిచిపోతే ప్రమాదం. అయితే బాగా బొద్దుగా ఉన్న పిల్లల్లోనూ, మరీ బక్కచిక్కిన పిల్లల్లోనూ ఈ పరీక్ష తప్పుదోవ పట్టించవచ్చు, అందుకే ఏ ఒక్క గుర్తునో నమ్ముకోకూడదు. అన్నిటికన్నా ముఖ్యం బిడ్డ తీరు. చిరచిరలాడుతూ, గ్లాసు కనబడగానే ఎగబడి తాగే బిడ్డకు నీరు తగ్గింది, కానీ నోటితోనే నింపే వీలుంది. ఏడుపు మానేసి, పాలు కూడా పట్టకుండా మగతగా పడి ఉన్న బిడ్డ పరిస్థితి విషమించినట్టే. పాపం, అలిసిపోయి నిద్రపోయిందని ఇంట్లో వాళ్లు ఊపిరి పీల్చుకునేది సరిగ్గా ఆ సమయంలోనే.

ఉప్పూ చక్కెరా కలిపిన నీళ్లకు అంత శక్తి ఎక్కడిదన్న అనుమానం సహజం. చిన్నపేగు గోడలో సోడియం, గ్లూకోజ్ జంటగా లోపలికి వెళ్లే దారి ఒకటుంది, వాటి వెంట నీరూ వెళ్తుంది. కలరాలో కూడా ఆ దారి మూసుకుపోదు. దీనికి గట్టి రుజువు 1971లో దొరికింది. బంగ్లాదేశ్ యుద్ధం నాటి శరణార్థులతో నిండిన పశ్చిమ బెంగాల్‌లోని బొంగావ్‌లో కలరా చెలరేగి సెలైన్ నిల్వలు అడుగంటినప్పుడు, డాక్టర్ దిలీప్ మహలనబిస్ ఉప్పు, గ్లూకోజ్, వంటసోడా కలిపిన నీటిని డ్రమ్ముల్లో నింపి, రోగుల బంధువుల చేతనే తాగించారు. అంతకుముందు 30 శాతం దాకా ఉన్న మరణాలు సుమారు 3.6 శాతానికి దిగాయి. నేడు వాడుతున్న, 2002లో సవరించిన ఓఆర్‌ఎస్ విరేచనాల పరిమాణాన్ని కూడా కొంత తగ్గిస్తుంది. అయినా దాని గొప్పతనం అక్కడ లేదు, విరేచనాలు సాగుతున్నా బిడ్డను నిలబెట్టడంలో ఉంది.

మరి ఇంత తెలిసిన మందు అందరికీ ఎందుకు అందడం లేదు? ఐదో జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం విరేచనాలైన పిల్లల్లో ఓఆర్‌ఎస్ అందింది సుమారు 61 శాతానికే. కర్ణాటక, బిహార్‌లలో రెండు వేలకు పైగా ప్రైవేటు వైద్యం చేసేవారిపై జరిపి 2024లో ‘సైన్స్’ పత్రికలో ప్రచురించిన అధ్యయనంలో, ఓఆర్‌ఎస్ రాయకపోవడానికి అతి పెద్ద కారణం సరుకు లేకపోవడమో లాభం తక్కువ కావడమో కాదని తేలింది. రోగులకు అది ఇష్టం ఉండదని వాళ్లు అనుకోవడమే. మనం ఆపే మందు అడుగుతామని వాళ్లు ఊహిస్తారు, వాళ్లు రాసిందే వైద్యమని మనం నమ్ముతాం. విరేచనాలు బిగబట్టే లోపెరమైడ్ లాంటి మందులు చిన్నపిల్లలకు ప్రమాదకరం. రక్తం పడటం లాంటి కొన్ని సందర్భాల్లో తప్ప యాంటీబయాటిక్ అవసరం రాదు.

తాగించినదంతా కక్కేస్తుంటే ఎలాగన్నది తల్లుల ప్రశ్న. గ్లాసుతో గటగటా పట్టిస్తే కక్కడం మామూలే. పది నిమిషాలు ఆగి, రెండు మూడు నిమిషాలకో చెంచా చొప్పున పడితే చాలావరకు నిలుస్తుంది. విరేచనమైన ప్రతిసారీ రెండేళ్లలోపు వారికి 50 నుంచి 100 మిల్లీలీటర్లు, ఆపైవారికి 100 నుంచి 200 ఇవ్వాలి. నీరు తగ్గిన గుర్తులు అప్పటికే కనిపిస్తే, ఆరోగ్య సిబ్బంది కనిపెట్టుకుని ఉండగా కిలో బరువుకు 75 మిల్లీలీటర్ల చొప్పున నాలుగు గంటల్లో పట్టించాలి. ఇంత తంటా ఎందుకు, సెలైన్ ఎక్కిస్తే పోదా అనేవారూ ఉన్నారు. మగతలో ఉన్న బిడ్డకు, తాగలేని బిడ్డకు సెలైనే దిక్కు, అందులో వాదన లేదు. నోటితో నీరు పట్టించిన పాతిక మందిలో సుమారు ఒకరికి చివరకు అది అవసరమవుతుందని పరిశోధనలు చెబుతున్నాయి. మిగతా ఇరవై నాలుగు మందికి సూది పోటు తప్పుతుంది.

చెంచాలో ఉన్నదేమిటన్నది కూడా ముఖ్యమే. సరైన ఓఆర్‌ఎస్‌లో లీటరుకు గ్లూకోజ్ 13.5 గ్రాములే. కూల్‌డ్రింకులు, ప్యాక్ చేసిన పళ్లరసాల్లో చక్కెర అంతకు ఎన్నో రెట్లుంటుంది, అది నీటిని పేగులోకే గుంజి విరేచనాలను పెంచుతుంది. ఇలాంటి తీపి పానీయాలకు ఓఆర్‌ఎస్ అని పేరు తగిలించి అమ్మడంపై హైదరాబాద్‌కు చెందిన పిల్లల డాక్టర్ శివరంజని సంతోష్ ఏళ్ల తరబడి పోరాడాక, 2025 అక్టోబరులో ఆహార భద్రతా సంస్థ ఆ పేరు వాడకాన్ని నిషేధించింది. ఇంట్లో జరిగే పొరపాటు మరొకటి: లీటరు నీటి ప్యాకెట్‌లోంచి ఓ చెంచా తీసి గ్లాసు నీళ్లలో కలపడం. అది చిక్కనైతే ఒంట్లో ఉప్పు ప్రమాదకరంగా పెరుగుతుంది, పల్చనైతే పని చేయదు. ప్యాకెట్ మీద రాసినంత కాచి చల్లార్చిన నీటిలో పొడి మొత్తం ఒకేసారి కలిపి, 24 గంటల తర్వాత మిగిలింది పారబోయాలి.

తల్లిపాలు ఏ దశలోనూ ఆపకూడదు, ఆర్నెల్లు దాటిన వారికి గంజి, పెరుగన్నం, అరటిపండు మామూలుగానే పెట్టాలి. కడుపు మాడిస్తే విరేచనాలు కట్టుకుంటాయన్నది అపోహ. జింక్ మాత్రలు డాక్టరు చెప్పిన మోతాదులో, విరేచనాలు తగ్గినా సరే, 14 రోజులూ వేయాలి. ఓఆర్‌ఎస్, జింక్ పీహెచ్‌సీలో, ఆశా కార్యకర్త దగ్గర ఉచితంగా దొరుకుతాయి. మలంలో రక్తం, ఆగని వాంతులు, ఎక్కువ జ్వరం, మగత, తాగలేకపోవడం కనబడినా, రెండు నెలల్లోపు బిడ్డకు విరేచనాలైనా ఇంటి వైద్యం కట్టిపెట్టి 108కి ఫోన్ చేయాలి, బిడ్డ మింగగలిగితే దారి పొడవునా చెంచాతో పడుతూనే ఉండాలి. అక్కడ డాక్టరు అడిగేది ఎన్నిసార్లు విరేచనమైందని మాత్రమే కాదు. చివరిసారి మూత్రం ఎప్పుడు పోసింది, ఎంత తాగింది, మునుపటిలా ఆడుతోందా అని కూడా అడుగుతారు. ఆ మూడు ప్రశ్నలకు జవాబు సిద్ధంగా ఉంచుకున్న ఇంట్లో ఓఆర్‌ఎస్ పని చేస్తోందో లేదో తెలుసుకోవడానికి విరేచనాలు ఆగేదాకా వేచి చూడనక్కర్లేదు.