దుప్పి వయస్సు నెఱుఁగుట

సంతలో ఎద్దు పండ్లు చూడక బేరమాడు రైతు లేఁడు. అడవిలోని చుక్కల దుప్పి వయస్సునకును పండ్లే సాక్ష్యము. కొమ్ముల కొనల నెంచి యేండ్లు చెప్పుట సరికాదు. మగదుప్పి కొమ్ములు రాలి మరల మొలచును. మేతనుబట్టి వాని పెంపు మాఱును.

లేఁతదుప్పి క్రిందిదవడలో ముందునుండి మూఁడవ దవడపన్ను మూఁడు భాగములుగా నుండును. ఆ పాలపన్ను ఊడి రెండు భాగముల పన్ను వచ్చినచో బాల్యము గడచినదని తెలియవలెను. పిమ్మట పండ్ల యరుగుదలయే కొలఁత. ఇసుక కలసిన మేత పండ్లను త్వరగా నరగఁదీయును గావున, ఏండ్లను సుమారుగానే చెప్పవలెను.

1972 నాఁటి వన్యప్రాణి సంరక్షణ చట్టము దుప్పి వేఁటను నిషేధించినది. చచ్చిన దుప్పి దవడ కనఁబడినచో ఇంటికిఁ దేక అటవీశాఖవారికిఁ దెలుపుఁడు. పండ్లు మిక్కిలి యరిగినచో అది కాలధర్మము. నడిప్రాయపు దవడలే తఱచు దొరకినచో మందకు ముప్పు గలదని శంకింపవలెను.