బంతిలో సపోటా చుట్టం

క్రికెట్‌లో బౌలరు ఆరు బంతులేసి పక్కకు తప్పుకుంటాడు కదర్రా. బేస్‌బాల్‌లో ఆ వెసులుబాటు లేదు. పిచ్చర్ మొదలెట్టాడంటే అలసిపోయేదాకానో, బ్యాటర్లు చితక్కొట్టేదాకానో అతనే విసరాలి. ఒకసారి దించేస్తే ఆ ఆటలో మళ్ళీ దిగడానికి వీల్లేదు. అప్పుడు మైదానం పక్కన చెయ్యి వేడెక్కించుకుంటున్న ఇంకొకాయన్ని పిలుస్తారు. ఆయనే రిలీఫ్ పిచ్చర్. 1940ల్లో అదేమంత గౌరవమైన కొలువు కాదు. ఆట మొదలెట్టడానికి పనికిరాడు అనుకున్నవాణ్ణే ఎక్కువగా అక్కడ కూర్చోబెట్టేవారు.

ఆ కొలువులోనే పేరు తెచ్చుకున్నాడు ఏస్ ఆడమ్స్. ఏస్ అన్నది బిరుదు కాదర్రోయ్, పుట్టినప్పుడు పెట్టిన పేరే! ముప్పై దాటాక, 1941లో న్యూయార్క్ జెయింట్స్ జట్టులోకొచ్చాడు. 1943లో 70 ఆటల్లో విసిరాడు. అంతకుముందు ఆ శతాబ్దంలో ఒక్క సీజన్‌లో ఎక్కువ ఆటలాడిన పిచ్చర్ ఎడ్ వాల్ష్, 1908లో 66. ఆడమ్స్‌ని అన్నిసార్లు పిలవడానికి కారణం కూడా ఉంది లెండి. ఆ ఏడాది జెయింట్స్ 98 ఆటలు ఓడి అట్టడుగున నిలిచింది. మొదలెట్టినవాళ్ళు చేతులెత్తేస్తే మేనేజర్ మెల్ ఆట్ ఇంకేం చేస్తాడు?

అన్నిసార్లు విసరడం భుజానికి చిన్న శిక్ష కాదు. పిచ్చర్ చెయ్యి భుజం దగ్గర తిరిగే వేగాన్ని ఇప్పటి కెమెరాలతో కొలిస్తే, సెకనుకి దాదాపు 7,000 డిగ్రీలుంటుంది. అంటే అదే వేగంతో తిరుగుతూ పోతే సెకనుకి పంతొమ్మిది చుట్లు పైమాటే. మనిషి ఒంట్లో ఇంత వేగంగా కదిలేది ఇంకోటి లేదంటారు. విసరడం ఒక ఎత్తు, బంతి వదిలాక ఆ చేతిని ఆపడం ఇంకో ఎత్తు. భుజం వెనక కండరాలు నలిగేది అక్కడే.

ఇక ఆ 1943 నాటి బంతి కథ వినండి. రెండో ప్రపంచయుద్ధంలో, 1942 మొదట్లో జపాన్ మలయానీ, సింగపూర్‌నీ పట్టేసుకుంది. అమెరికా వాడే రబ్బరులో చాలా భాగం అటునుంచే వచ్చేది. ఉన్నది టైర్లకీ, విమానాలకీ కావాలి, ఆటబంతికి ఎవరిస్తారు? బంతి గుండెలో రబ్బరు మానేసి బలాటా పెట్టారు. అదెక్కడిదో కాదు, మన సపోటాకి దగ్గర చుట్టమైన దక్షిణ అమెరికా చెట్టు పాలు. పచ్చి సపోటా కోస్తే వేళ్ళకి అంటుకునే తెల్లటి జిగురుంటుందే, ఆ జాతిదే.

తమాషా ఏమిటంటే రబ్బరూ బలాటా రెండూ ఒకే పదార్థంతో కట్టిన గొలుసులు. ఐసోప్రీన్ అనే చిన్న అణువులు వరసగా చెయ్యీ చెయ్యీ పట్టుకుంటాయి. తేడా అంతా ఆ పట్టుకోవడంలోనే. రబ్బరులో ప్రతి లంకె దగ్గరా గొలుసు ఒకే పక్కకి వంగుతుంది, అందుకని ఉడికిన సేమ్యాలా మెలికలు తిరిగి ఉంటుంది. లాగితే సాగుతుంది, వదిలితే మళ్ళీ ముడుచుకుంటుంది. బలాటాలో గొలుసు తిన్నగా పోతుంది. ప్యాకెట్లో సేమ్యాలాగా ఒకదాని పక్కన ఒకటి సర్దుకుని గట్టిపడుతుంది. ఇక దాన్ని కొడితే ఏం ఎగురుతుంది?

1943 ఏప్రిల్లో ఆ బంతితో సీజన్ మొదలైంది. మొదటి 29 ఆటల్లో 11 ఆటలు ఒక జట్టుకి ఒక్క పరుగైనా రాకుండా ముగిశాయి. సిన్సినాటి వాళ్ళు స్టేడియం కప్పు మీంచి పాత బంతీ కొత్త బంతీ వదిలి చూస్తే, కొత్తది బాగా తక్కువ ఎత్తుకి లేచింది. తయారుచేసే స్పాల్డింగ్ కంపెనీ మాత్రం తప్పు బలాటాది కాదు, బంతి గుండె చుట్టూ చుట్టిన ఊలు పొరల మధ్య పూసిన నాసిరకం జిగురుది అంది. కొన్ని వారాల్లో బంతి మారింది.

ఇదంతా విని, ‘ఆడమ్స్ గొప్ప ఏముంది, చచ్చు బంతీ, యుద్ధానికి పోగా మిగిలిన బ్యాటర్లూ’ అనేవాళ్ళున్నారు. నేనొప్పుకోను. లెక్క చూడండి. తొమ్మిది ఇన్నింగ్స్‌కి, అంటే ఒక పూర్తి ఆటకి, ఫీల్డర్ల తప్పుల వల్ల వచ్చినవి తీసేస్తే సగటున ఆయన ఇచ్చిన పరుగులు 1942లో 1.84. అప్పుడు బంతి మంచిదే, ఈనస్ స్లాటర్ లాంటి బ్యాటర్లు ఇంకా సైన్యానికి వెళ్ళలేదు. చచ్చు బంతితో మొదలైన 1943లో 2.82. బ్యాటర్లు ఇంకా పలచబడ్డ 1944లో 4.25. యుద్ధమే ఆయన్ని నిలబెట్టి ఉంటే ఈ అంకెలు తిరగబడి ఉండాలి. నన్నడిగితే, తగ్గింది ఆ భుజంలోని సత్తువే.

1946లో మెక్సికో లీగు అధ్యక్షుడు హోర్హే పాస్కెల్ డబ్బు ఆశ చూపిస్తే ఆడమ్స్ అటు వెళ్ళాడు. అలా వెళ్ళినవాళ్ళ మీద అమెరికా లీగులు ఐదేళ్ళ నిషేధం పెట్టాయి. 1949లోనే దాన్ని ఎత్తేశారుగానీ ఆయన పెద్ద లీగులకి తిరిగి రాలేదు. గెలుస్తున్న ఆటని చివరిదాకా కాపాడిన రిలీఫ్ పిచ్చర్‌కి ‘సేవ్’ అని అధికారికంగా రాయడం 1969లో గానీ మొదలవలేదు. ఆ తరవాత పాత స్కోరు పుస్తకాలు తిరగేస్తే, ఆయన ఖాతాలో 49 తేలాయి.