'జప్తు' అంటే బండి పోయినట్టేనా?

మా ఊరు దెగ్లూర్ తాలూకాలో, తెలంగాణ సరిహద్దుకు దగ్గర. ఇంట్లో తెలుగు, బజారులో మరాఠీ. ఈ రెండు భాషల్లోనూ ఉన్న ఒక్క మాట వల్ల మా ఇంట్లో మూడు వారాలు వృథాగా పోయాయి. ఆ మాట 'జప్తు'.

పోయిన ఏడాది మా బాపు టెంపోను జీతానికి పెట్టుకున్న డ్రైవర్ నడిపేవాడు. కూరగాయల గంపల కింద దేశీ దారు బాక్సులు దొరికాయని బండిని పట్టుకున్నారు. మరాఠీ పంచనామాలో 'జప్త' అని రాసి ఉంది. బాపు అది చదివి, "జప్తు అయ్యింది బిడ్డా, ఇక బండి మనది కాదు" అని కూలబడ్డాడు. బ్యాంకు కిస్తీ మాత్రం ఆగలేదు. చివరికి మా మేనమామ వకీలు దగ్గరికి తీసుకుపోతే అసలు సంగతి తెలిసింది.

మన వాడుకలో జప్తు అంటే సర్కారు తీసేసుకున్నట్టే. పంచనామాలో 'జప్త' అంటే కేసు కోసం స్వాధీనం చేసుకున్నారని, అంతే. యజమాని మారడు. బండి పూర్తిగా సర్కారుకు పోతే దాన్ని మరాఠీలో 'సర్కార్‌జమా' అంటారు.

మహారాష్ట్రలో ఇలాంటి కేసులకు 1949 నాటి మద్యనిషేధ చట్టం వర్తిస్తుంది. మద్యం మోసిన బండిని కోర్టు సర్కార్‌జమా చేయవచ్చని 98వ సెక్షన్ చెబుతుంది. కానీ 99వ సెక్షన్ ప్రకారం ముందు యజమాని మాట వినాలి. నేరం జరగకుండా తాను తగిన జాగ్రత్త తీసుకున్నానని యజమాని రుజువు చేస్తే బండిని తీసుకోకూడదు. అందుకే కిరాయి రసీదులు, డ్రైవర్‌తో రాసుకున్న కాగితాలు దాచుకోవాలి.

అయితే విచారణకు ఏళ్లు పట్టవచ్చు. అందాకా బండి ఎండకు ఎండి, వానకు తడిసి తుప్పు పట్టాల్సిందేనా? 2002లో సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు వద్దంది. పట్టుకున్న వాహనాలను ఠాణాల్లో ఎక్కువకాలం ఉంచడం వల్ల లాభం లేదని, తగిన బాండు, పూచీ తీసుకుని వెంటనే ఉత్తర్వులు ఇవ్వాలని మేజిస్ట్రేట్లకు చెప్పింది. 2024 జులై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 497, 503 సెక్షన్లు ఈ సంగతి గురించే. సొత్తు కోర్టు ముందుకు వచ్చిన 14 రోజుల్లో దాని వివరాలు రాయాలి, ఫొటో లేదా వీడియో తీయాలి. తర్వాత విచారణలో ఆ ఫొటోలే సాక్ష్యంగా పనికొస్తాయి.

మేం ఆర్‌సీ, ఇన్సూరెన్సు, లోను కాగితాలు పెట్టి మేజిస్ట్రేట్ కోర్టులో అర్జీ వేశాం. బాండు, జామీనుదారుతో బండి తిరిగి ఇచ్చారు. దీన్ని 'సుపుర్ద్‌నామా' అంటారు. షరతులున్నాయి: అమ్మకూడదు, రంగు మార్చకూడదు, పిలిస్తే తెచ్చి చూపాలి. అడిగిన ప్రతివాళ్లకూ ఇలా ఇస్తారని కాదు. పాత కేసులుంటే అధికారులు అడ్డు చెబుతారు.

సరిహద్దు దాటితే దారి వేరు. తెలంగాణలో 1968 నాటి ఎక్సైజ్ చట్టం కింద పట్టుకున్న బండిని సర్కారుకు జమ చేయాలా వద్దా అన్నది ఎక్సైజ్ డిప్యూటీ కమిషనర్ తేలుస్తారు. కాబట్టి బండి ఎక్కడ పట్టుబడింది, ఏ చట్టం కింద అన్నదే మొదట అడగాలి.

మనకు పనికొచ్చే మాట ఇంకొకటి. 1987 నాటి న్యాయసేవల చట్టం ప్రకారం, ఆదాయంతో పని లేకుండా మహిళలందరికీ ఉచితంగా వకీలును ఇస్తారు. బండి అమ్మ పేరు మీదుంటే జిల్లా న్యాయసేవల కార్యాలయంలో అమ్మే అర్జీ ఇవ్వొచ్చు.

మా కేసు ఇంకా నడుస్తూనే ఉంది, బండీ నడుస్తోంది. మీ ఇంటికి ఇలాంటి కాగితం వస్తే, ఆ మాట చూసి బెదిరి కూర్చోకండి. అదే రోజు వకీలుకు చూపించండి.