బాల్‌బెక్ రాళ్లు ఎప్పటివి?

లెబనాన్‌లోని బెకా లోయలో, బీరూట్‌కు సుమారు 85 కిలోమీటర్ల దూరాన బాల్‌బెక్ అనే పట్టణం ఉంది. అక్కడి పురాతన ఆలయ సముదాయంలో అన్నిటికన్నా పెద్దది జూపిటర్ గుడి. ఒకప్పుడు దాని చుట్టూ 54 స్తంభాలు ఉండేవి. ఇప్పుడు ఆరు మాత్రమే నిలిచి ఉన్నాయి. ఒక్కొక్కటి దాదాపు 20 మీటర్ల ఎత్తు. ఈ స్తంభాలు రోమన్ల కాలానివని అందరూ ఒప్పుకుంటారు. పేచీ అంతా కింద వేదిక గోడలో ఉన్న మూడు రాళ్ల మీదే.

ఆ మూడింటినీ కలిపి ట్రిలిథాన్ (మూడు ఏకశిలల వరుస) అంటారు. ఒక్కో రాయి పొడవు సుమారు 19 మీటర్లు. ఎత్తు నాలుగు మీటర్ల పైమాటే. బరువు దాదాపు 800 టన్నులు. ఇరవై టన్నుల లోడు మోసే లారీలు నలభై వస్తే ఒక రాయి బరువుకు సరిపోతుంది. పైగా ఇవి నేలమీద లేవు. కింద కొన్ని వరుసల రాతి కట్టడం ఉంది, దానిమీద ఇవి ఒకదాని పక్కన ఒకటి చక్కగా అతికి కూర్చున్నాయి. రెండు వేల ఏళ్ల కిందటి మనుషులకు ఇది సాధ్యమా అన్న సందేహం ఇక్కడే పుడుతుంది.

ఈ సందేహం 2014లో మరింత పెరిగింది. ఆ ఏడాది జర్మన్ పురావస్తు సంస్థ, లెబనీస్ విశ్వవిద్యాలయం కలిసి దగ్గరలోని రాతి క్వారీలో తవ్వకం జరిపాయి. అందులో ఇంకా పెద్ద చెక్కుడు రాయి బయటపడింది. పొడవు 19.6 మీటర్లు, వెడల్పు 6 మీటర్లు, ఎత్తు కనీసం 5.5 మీటర్లు. బరువు 1,650 టన్నుల వరకు ఉంటుందని అంచనా. అప్పటినుంచి ‘రోమన్లకు ముందే నశించిన మహా నాగరికత’ అనే మాట వీడియోల్లో తరచుగా వినిపిస్తోంది.

పాత కథలు, కొత్త కథలు

ఇలాంటి మాట కొత్తదేమీ కాదు. సొలొమోను రాజు ఆజ్ఞ మీద జిన్‌లు ఈ కట్టడం కట్టాయని అరబ్ కథలు చెబుతాయి. ఆదాము కొడుకు కయీను కట్టించాడని మరో కథ. రాకాసి మనుషులు కట్టారని ఇంకొకటి. 1959 ప్రాంతంలో సోవియట్ శాస్త్రజ్ఞుడు మతెస్ట్ అగ్రెస్ట్ దీన్ని గ్రహాంతరవాసులకు ముడిపెట్టాడు. తర్వాత జెకరియా సిచిన్ తన పుస్తకాల్లో దీన్ని ఆకాశనౌకలు దిగే చోటుగా వర్ణించాడు. మన ఊళ్లలో కూడా ఇనుప యుగపు రాతి సమాధులను రాక్షస గుళ్లు అంటారు. కొండ గుహలను పాండవుల పేరు మీద చెప్పుకుంటారు. కట్టినవాళ్ల పేరు మరుగున పడి కట్టడం మాత్రం మిగిలితే జనం దానికి తగిన కర్తను వెతుక్కుంటారు.

ఈ కథలన్నిటి అడుగున ఉన్న తర్కం ఒక్కటే. రాయి చాలా పెద్దది, కాబట్టి మామూలు మనుషులు కదిలించలేరు, కాబట్టి అది మనకు తెలిసిన చరిత్రకు ముందుది. ఈ తర్కంలో పరిమాణమే వయసుకు రుజువైపోయింది. కానీ రాయి ఎంత పెద్దదైనా దాని కొలతల్లో తేదీ ఉండదు. దాని పైన ఏముంది, కింద ఏముంది, దేనికి ఆనించి కట్టారు అన్నదాన్ని బట్టే వయసు తెలుస్తుంది.

తేదీ ఎలా కడతారు?

మన రామప్ప గుడి విషయంలో ఇంత చర్చ అక్కర్లేదు. గణపతిదేవుడి సేనాని రేచర్ల రుద్రుడు దాన్ని కట్టించాడని 1213 నాటి శాసనం చెబుతుంది. జూపిటర్ గుడిని ఎవరు మొదలుపెట్టారో చెప్పే శాసనం బాల్‌బెక్‌లో దొరకలేదు. రాతికి కార్బన్ పరీక్ష (ఒకప్పుడు ప్రాణమున్న పదార్థంలో మిగిలిన కార్బన్‌ను బట్టి వయసు లెక్కించే పద్ధతి) కూడా పనికిరాదు. సున్నపురాయి వయసు లెక్కిస్తే అది సముద్రం అడుగున ఏర్పడిన కాలం తెలుస్తుంది. మనిషి దాన్ని ఎప్పుడు చెక్కాడో తెలియదు. అందువల్ల ఆధారాలను ఒకదాని పక్కన ఒకటి పేర్చి తేదీ కట్టాలి.

మొదటి ఆధారం ఒక స్తంభం పైభాగంలో ఉంది. అక్కడ చెక్కిన చిన్న రాతలో క్రీ.శ. 60కి సరిపోయే తేదీ కనిపిస్తుంది. స్తంభాల పని ఆ ఏటికి పైదాకా వచ్చిందన్నమాట. అంటే గుడి కట్టడం అంతకు కొన్ని దశాబ్దాల ముందే మొదలై ఉండాలి.

రెండో ఆధారం కట్టడం వరుస. వాస్తు చరిత్రకారుడు డానియల్ లోమన్ 2010లో ప్రచురించిన అధ్యయనంలో దీన్ని వివరించాడు. గుడి బరువును మోసేది లోపలి పాత వేదిక. ట్రిలిథాన్ దానికి బయట, చుట్టూ తొడుగులా కట్టడం మొదలుపెట్టి పూర్తి చేయకుండా వదిలేసిన గోడలో భాగం. తొడుగు లోపలి వేదికకన్నా పాతది కాజాలదు. ఆ లోపలి వేదిక పనితనం హేరోదు రాజు జెరూసలేములో చేయించిన కట్టడాలను పోలి ఉంది. హేరోదు చనిపోయింది క్రీ.పూ. 4 ప్రాంతంలో. కాబట్టి లోపలి వేదికను క్రీ.పూ. ఒకటో శతాబ్దం చివరికి, బయటి పెద్ద రాళ్లను క్రీ.శ. ఒకటో శతాబ్దం మొదటి సగానికి చెందినవిగా లోమన్ లెక్కగట్టాడు.

మూడో ఆధారం ఇరుగుపొరుగు. జెరూసలేము ఆలయ గుట్ట పశ్చిమ గోడలో 13.6 మీటర్ల పొడవున్న రాయి ఉంది. దాని బరువు వందల టన్నులు. అది హేరోదు చేపట్టిన నిర్మాణంలోనిది. అంటే ఆ ప్రాంతంలో, ఆ కాలంలో, భారీ రాళ్లతో వేదికలు కట్టడం వాడుకలో ఉంది. బాల్‌బెక్ ఆ వాడుకను ఇంకొంత ముందుకు తీసుకెళ్లింది.

అక్కడ తొమ్మిది వేల ఏళ్ల కిందటి మనుషుల ఆనవాళ్లు దొరికాయి కదా అని కొందరు అడుగుతారు. నిజమే. గుడి ఉన్న దిబ్బ కింద నవీన శిలాయుగం (వ్యవసాయం మొదలైన కాలం) నాటి నివాసాల పొరలు ఉన్నాయి. అయితే ఆ పొరలు చెప్పేది దిబ్బ మీద జనం ఎప్పటినుంచి ఉన్నారన్న సంగతి మాత్రమే. వాటిమీద తర్వాత లేచిన గోడకు ఆ వయసు అంటగట్టలేం.

ఎలా కదిలించారు?

ఇక మిగిలింది సాధ్యాసాధ్యాల ప్రశ్న. క్వారీ గుడికి కిలోమీటరు లోపే ఉంది. పైగా వేదికకన్నా కొంచెం ఎత్తులో ఉంది. కాబట్టి రాళ్లను పైకెత్తవలసిన అవసరం లేకుండా, మట్టి కట్ట పోసి దాదాపు ఒకే మట్టంలో లాక్కురావచ్చు. 800 టన్నులను ఎత్తగల క్రేన్ రోమన్ల దగ్గర లేదు. ఈ పనికి అది అక్కర్లేదు కూడా.

లాగడానికి క్యాప్‌స్టన్ (నిలువు ఇరుసుకు మోకు చుట్టి, అడ్డకర్రలు పట్టుకుని మనుషులు గుండ్రంగా తిప్పే యంత్రం) సరిపోతుంది. 500 మందికి పైగా మనుషులు ఇలాంటి యంత్రాలతో 500 టన్నులకు మించిన రాయిని కదిలించగలరని ఫ్రెంచ్ పండితుడు జాన్ పియర్ ఆడమ్ 1977లో లెక్క వేసి చూపాడు. రాయి పెరిగితే యంత్రాలను, మనుషులను పెంచుకోవాలి.

ఇది కాగితం మీద లెక్కగానే మిగిలిపోలేదు. రష్యాలో పీటర్ చక్రవర్తి విగ్రహానికి పీఠంగా వాడిన ‘పిడుగు రాయి’ని 1769-70లో తరలించారు. దాని బరువు సుమారు 1,250 టన్నులు. నేలమీద ఆరు కిలోమీటర్లు లాగడానికి తొమ్మిది నెలలు పట్టింది. లోహపు గాడిలో దొర్లే గుండ్ల మీద రాయిని ఉంచి, 400 మంది క్యాప్‌స్టన్‌లు తిప్పుతూ ముందుకు జరిపారు. ఆవిరి యంత్రాన్ని గానీ పశువులను గానీ వాడలేదు. ఇంతమాత్రం చేత రోమన్లూ ఇలాగే చేశారని రుజువు కాదు. మనుషుల వల్ల కాదు అన్న వాదన మాత్రం ఇక నిలబడదు.

మరి చిన్న రాళ్లుగా కోసి ఎందుకు వాడలేదు? ఒక వివరణ ఇది. రోమన్ ఆలయ వేదికకు అడుగు పట్టీ, నడుమ గోడ, పై అంచు అనే మూడు భాగాలు ఉంటాయి. గుడి కొలతలు పెంచినప్పుడు అదే మూడంచెల రూపాన్ని నిలుపుకోవాలనుకున్నారు. దాంతో నడుమ గోడ ఒక్క వరుస ఎత్తే నాలుగు మీటర్లు దాటింది. క్వారీ పక్కనే ఉండడంతో ఇంత పెద్ద రాళ్లు వాడాలన్న ధైర్యం కూడా వచ్చింది.

క్వారీలో వదిలేసిన మూడు రాళ్లు ఆ ధైర్యానికి ఉన్న హద్దును చూపిస్తాయి. ‘గర్భిణి రాయి’గా పేరున్నదాని బరువు సుమారు 1,000 టన్నులు. రెండోది 1990లలో బయటపడింది. 2014లో దొరికిన మూడోది గర్భిణి రాయి పక్కనే ఉంది. గర్భిణి రాయి ఒక అంచున రాతి నాణ్యత బాగోలేదని, లాగేటప్పుడు పగిలేదని, అందుకే దాన్ని అక్కడే వదిలేసి ఉంటారని తవ్వకం జరిపినవారి అభిప్రాయం. పని మొదలుపెట్టి, లోపం కనబడి, ఆపేశారు. ఇందులో కనిపించేది మామూలు రాతి పనివాళ్ల అనుభవమే.

అసలు వివాదం

ఇంతకీ పండితుల మధ్య తగాదా లేదా? ఉంది. లోపలి వేదికను మొదలుపెట్టింది హేరోదా, ఆ ప్రాంతాన్ని ఏలిన స్థానిక పాలకులా, క్రీ.పూ. 15 ప్రాంతంలో అక్కడ స్థిరపడిన రోమన్ మాజీ సైనికులా అన్నది ఇంకా పూర్తిగా తేలలేదు. రాతపూర్వక సాక్ష్యమూ చిక్కు పెడుతుంది. ఆంటోనినస్ పయస్ (పాలన 138-161) అక్కడ జూపిటర్‌కు పెద్ద గుడి కట్టించాడని ఆరో శతాబ్దపు చరిత్రకారుడు మలాలస్ రాశాడు. స్తంభం మీది రాత అంతకు కనీసం 78 ఏళ్ల ముందుది. ఆ చక్రవర్తి కాలంలో సముదాయానికి చేర్చిన ఇతర కట్టడాలను మలాలస్ మొత్తం గుడికి ఆపాదించి ఉండవచ్చు. జూపిటర్ పేరు కింద పూజలందుకున్నది అంతకు ముందునుంచీ అక్కడున్న వాన దేవుడు హదద్ అని ఎక్కువమంది పండితులు భావిస్తారు. రోమ్ తెచ్చినదెంత, స్థానికమెంత అన్న ప్రశ్న దీనివల్ల వస్తుంది.

వీడియోల్లో జరిగే వాదన పదివేల ఏళ్ల మీద. పండితుల వాదన కొన్ని దశాబ్దాల మీద. ఈ రెండోదాని వల్ల మనకు తెలిసేది ఎక్కువ. ఒక రాజు వైభవం కోసం కట్టించాడా, వలస వచ్చిన సైనికులు కట్టించారా, ఊరివాళ్లే తమ దేవుడికి కట్టుకున్నారా అన్నదాన్ని బట్టి ఆ కాలపు అధికారం, భక్తి, డబ్బు ఎవరి చేతుల్లో ఉన్నాయో తెలుస్తుంది. రాకాసులు కట్టారనుకుంటే ఈ ప్రశ్నలేవీ రావు. రాయి కోసినవాళ్లూ, మోకు లాగినవాళ్లూ లెక్కలోకే రారు.

ఈ దశాబ్దాల లెక్క తేల్చడానికి ఇంకో భారీ రాయి దొరకనక్కర్లేదు. వేదిక లోపల పూడ్చిన మట్టిలో కదలకుండా ఉన్న కుండపెంకులు, నాణేలు కావాలి. ఏ పొరలో ఏది దొరికిందో నమోదు కాకుండా ఆ మట్టి చెదిరితే సాక్ష్యం మళ్లీ రాదు. బాల్‌బెక్ 1984 నుంచి ప్రపంచ వారసత్వ స్థలం. 2024 నవంబరులో యుద్ధ సమయంలో శిథిలాలకు దగ్గరలోని ఒట్టోమన్ కాలపు భవనం దెబ్బతింది. అదే నెలలో యునెస్కో లెబనాన్‌లోని 34 సాంస్కృతిక స్థలాలకు ప్రత్యేక రక్షణ ప్రకటించింది. స్తంభాలు నిలిస్తే చాలదు, వాటి కింది పొరలు కూడా చెదరకుండా ఉంటేనే ఈ గుడిని మొదలుపెట్టింది ఎవరో తేల్చే వీలు మిగులుతుంది.