కంప్యూటరు గుర్తించినా ఆట ఎందుకు గుర్తించదు? గేమ్ కంట్రోలర్లు: అపోహలు – వాస్తవాలు

వ్యక్తిగత కంప్యూటరుకు గేమ్ కంట్రోలరును జతచేయడం పైకి చిన్న పనిగానే కనిపిస్తుంది. కేబుల్ గుచ్చితేనో, బ్లూటూత్ జాబితాలో పేరు కనబడితేనో పని పూర్తయినట్లేనని చాలామంది భావిస్తారు. అయితే బటన్ నొక్కిన క్షణానికీ, తెరమీది పాత్ర కదిలే క్షణానికీ నడుమ నాలుగు అంచెలున్నాయి: సంకేతాన్ని మోసే తీగ లేదా రేడియో తరంగం, దాన్ని అందుకొని పరికరాన్ని పోల్చుకునే ఆపరేటింగ్ సిస్టమ్, ఆ సమాచారాన్ని ఆటకు అందజేసే ప్రోగ్రామింగ్ ఇంటర్‌ఫేస్, చివరగా ఆట. వీటిలో ఎక్కడ తెగినా ఆడేవారికి కనిపించే లక్షణం ఒక్కటే కాబట్టి, కారణాన్ని ఊహించడంలో పొరపాట్లు సహజంగానే జరుగుతాయి. బాగున్న కంట్రోలరును పారేసి కొత్తది కొనడం దగ్గరి నుంచి, అక్కరలేని సాఫ్ట్‌వేరుతో కంప్యూటరును నింపడం దాకా ఆ పొరపాట్ల ఫలితమే.

అపోహ: చార్జింగ్ లైటు వెలిగితే కేబుల్ బాగున్నట్లే

యూఎస్‌బీ 2.0 కేబుల్‌లో ప్రధానంగా నాలుగు తీగలుంటాయి. వాటిలో రెండు విద్యుత్తును, మిగిలిన రెండు సమాచారాన్ని మోస్తాయి. చిన్న చిన్న పరికరాలకు తోడుగా వచ్చే చౌక కేబుళ్లలో కొన్నింటికి విద్యుత్తు తీగలు మాత్రమే ఉంటాయి కనుక, వాటితో జతచేసిన కంట్రోలర్ చక్కగా చార్జవుతుంది గాని, అది వచ్చి చేరిన సంగతి కంప్యూటరుకు తెలియనే తెలియదు. కొత్త పరికరం తగిలినప్పుడు విండోస్ చేసే చిన్న శబ్దం వినబడలేదంటే, సెట్టింగుల జోలికి పోకముందే సమాచారం మోయగల మరో కేబుల్‌తో చూడడం మంచిది. ఎక్స్‌బాక్స్ 360 వైర్‌లెస్ కంట్రోలరు విషయంలో ఏ కేబుల్ మార్చినా ఫలితం ఉండదు. దానికి అమ్మిన చార్జింగ్ కేబుల్ బ్యాటరీని నింపడానికే తప్ప బటన్ల సమాచారాన్ని మోయడానికి ఉద్దేశించినది కాదు. ఆ కంట్రోలరు కంప్యూటరుతో మాట్లాడాలంటే విడిగా దొరికే వైర్‌లెస్ రిసీవర్ ఉండవలసిందే.

అపోహ: వైర్‌లెస్ కంట్రోలర్ అంటే బ్లూటూత్ కంట్రోలరే

వైర్‌లెస్ అన్నది పద్ధతి, బ్లూటూత్ ఆ పద్ధతిలో ఒక ప్రమాణం మాత్రమే. 2013లో ఎక్స్‌బాక్స్ వన్‌తో వచ్చిన కంట్రోలరులో బ్లూటూత్ లేదు. అది మైక్రోసాఫ్ట్ సొంతంగా రూపొందించిన ఎక్స్‌బాక్స్ వైర్‌లెస్ అనే రేడియో పద్ధతిలోనే పనిచేస్తుంది కాబట్టి, కంప్యూటరుకు ఆ సంస్థ అమ్మే వైర్‌లెస్ అడాప్టరును గుచ్చాలి, లేదా కేబుల్ వాడాలి. బ్లూటూత్ 2016లో ఎక్స్‌బాక్స్ వన్ ఎస్‌తో వచ్చిన నమూనా నుంచి చేరింది. పాతదాన్ని, కొత్తదాన్ని కంటితోనే గుర్తుపట్టవచ్చు: నడుమ ఉండే ఎక్స్‌బాక్స్ బటన్ చుట్టూ ఉన్న ప్లాస్టిక్కు, కంట్రోలరు ముఖభాగంతో కలిసిపోయి ఒకే పలకలా ఉంటే అందులో బ్లూటూత్ ఉంది, పైఅంచున చూపుడువేళ్లు ఆనే బంపర్ బటన్ల ప్లాస్టిక్కుకు కొనసాగింపుగా ఉంటే లేదు. పాత కంట్రోలర్లను చేతులు మార్చి కొనేవారు అమ్మేవారి మాట కన్నా ఈ గుర్తునే నమ్మడం మేలు.

బ్లూటూత్ ఉన్న కంట్రోలర్లలోనూ, నడిమి బటన్ నొక్కితే పెయిరింగ్ అంటే తొలి జతకూర్పు అయిపోతుందనుకోవడం సరికాదు. సోనీ ప్లేస్టేషన్ కంట్రోలరైన డ్యూయల్‌షాక్ 4లో పీఎస్ బటన్‌ను మాత్రమే నొక్కితే అది ఇంతకుముందు జతపడిన ప్లేస్టేషన్‌ను వెతుక్కుంటుంది. షేర్ బటన్‌తో కలిపి లైటు బార్ త్వరత్వరగా మిణుకుమనేదాకా పట్టి ఉంచితేనే కొత్త కంప్యూటరుకు కనబడుతుంది. దాని తరువాతి తరమైన డ్యూయల్‌సెన్స్‌లో షేర్ స్థానంలో క్రియేట్ బటన్ ఉంటుంది. కంప్యూటరుతో జతకూర్చిన తరువాత ఇదే కంట్రోలరును కేబుల్‌తో ప్లేస్టేషన్‌కు తగిలిస్తే పాత జత పోవచ్చు కనుక, మర్నాడు కంప్యూటరు దాన్ని గుర్తించకపోతే చెడిపోయిందని కంగారుపడనక్కరలేదు. జతకూర్పు మళ్లీ చేస్తే చాలు. 2020లో వచ్చిన ఎక్స్‌బాక్స్ కంట్రోలరు మాత్రం ఎక్స్‌బాక్స్ వైర్‌లెస్ జత ఒకటి, బ్లూటూత్ జత ఒకటి గుర్తుంచుకుంటుంది. పైఅంచున ఉన్న పెయిర్ బటన్‌ను రెండుసార్లు గబగబా నొక్కితే ఒకదాని నుంచి మరొకదానికి మారుతుంది.

అపోహ: విండోస్ జాబితాలో పేరు కనిపిస్తే ఆటలోనూ పనిచేసి తీరాలి

అన్నిటికన్నా ఎక్కువమందిని తికమక పెట్టేది ఇదే. దీన్ని అర్థం చేసుకోవాలంటే కొంత చరిత్ర తెలియాలి. 1990ల మధ్యలో మైక్రోసాఫ్ట్ ఆటల కోసం డైరెక్ట్‌ఎక్స్ అనే సాఫ్ట్‌వేర్ సముదాయాన్ని తెచ్చినప్పుడు, అందులో కంట్రోలర్ల వ్యవహారం చూసే భాగానికి డైరెక్ట్‌ఇన్‌పుట్ అని పేరు. అప్పట్లో విమానం నడిపే జాయ్‌స్టిక్కు, కారు నడిపే చక్రం, నాలుగు బటన్ల ప్యాడ్ వంటి ఎన్నో ఆకారాలు వాడుకలో ఉండడం వల్ల, డైరెక్ట్‌ఇన్‌పుట్ దేనికీ నిర్దిష్ట రూపాన్ని ఊహించలేదు. ఎనిమిది దాకా యాక్సిస్‌లను, అంటే కదలికను కొలిచే అక్షాలను, 128 దాకా బటన్లను అంకెలతో లెక్కపెట్టి ఆటకు అప్పగించేది. మూడో నంబరు బటన్ దూకడానికా, కాల్చడానికా అన్నది ఆడేవారే ఆటలో నిర్ణయించుకోవాలి. 2005లో ఎక్స్‌బాక్స్ 360తో వచ్చిన ఎక్స్‌ఇన్‌పుట్ ఈ పద్ధతిని పూర్తిగా తిరగేసింది. రెండు స్టిక్కులు, రెండు ట్రిగ్గర్లు, ఒక దిశల ప్యాడ్, పది బటన్లు అనే ఒకే ఆకారాన్ని స్థిరపరచి, ఒకేసారి నాలుగు కంట్రోలర్లకు మించి కుదరదని హద్దు పెట్టడం వల్ల, ఆట తయారుచేసేవారికి అమరిక తెరలు రాసే శ్రమ తప్పింది, ఆడేవారికి బటన్లు కేటాయించుకునే శ్రమా తప్పింది. ఆ సౌకర్యం కోసమే తరువాతి ఆటల్లో అనేకం ఎక్స్‌ఇన్‌పుట్‌ను మాత్రమే పట్టించుకున్నాయి.

ఇందువల్ల కలిగే పర్యవసానం స్పష్టమే. డ్యూయల్‌షాక్ 4ను విండోస్‌కు తగిలిస్తే, కేబుల్‌తో తగిలించినా సరే, పరికరాల జాబితాలో అది వైర్‌లెస్ కంట్రోలర్ అనే పేరుతో కనిపిస్తుంది, పరీక్ష తెరలో ప్రతి బటనూ వెలుగుతుంది. కానీ ఎక్స్‌ఇన్‌పుట్ ఒక్కదాన్నే చదివే ఆటకు మాత్రం అక్కడ ఏ కంట్రోలరూ లేనట్లే లెక్క. ఎదురు దిశలోనూ ఇబ్బంది ఉంది. ఎక్స్‌బాక్స్ 360 కంట్రోలరును పాతకాలపు ఆట డైరెక్ట్‌ఇన్‌పుట్ ద్వారా చదివితే, రెండు ట్రిగ్గర్లూ ఒకే అక్షానికి రెండు కొసలుగా అందుతాయి. కారు పందెంలో కుడి ట్రిగ్గరుతో వేగం పెంచుతూనే ఎడమ ట్రిగ్గరుతో బ్రేకు వేస్తే, రెండు విలువలూ ఒకదాన్నొకటి రద్దుచేసుకొని, ఆటకు ఏమీ నొక్కనట్లే తెలుస్తుంది. ట్రిగ్గర్లు చెడిపోయాయని కంట్రోలరును విప్పదీసేవారు ముందు ఆ ఆట ఏ ఇంటర్‌ఫేసును వాడుతున్నదో చూడాలి.

ఈ రెండు పద్ధతుల నడుమ మారేందుకు కొన్ని కంట్రోలర్లలోనే ఏర్పాటుంది. లాజిటెక్ ఎఫ్310 వెనుకవైపు ఎక్స్, డి అక్షరాల చిన్న స్విచ్చు ఉంటుంది. తక్కువ ధర గేమ్‌ప్యాడ్‌లలో చాలావాటికి నడుమనున్న మోడ్ బటన్‌ను కొన్ని క్షణాలు పట్టి ఉంచితే లైట్ల వరస మారి పద్ధతి మారుతుంది. అమ్మే దుకాణంలో ఈ సంగతి చెప్పేవారు అరుదు, పెట్టెలోని కాగితాన్ని చదివేవారు ఇంకా అరుదు. పనిచేయదని తిరిగిచ్చే ప్యాడ్‌ను ఒక్కసారి మోడ్ మార్చి చూడడం న్యాయం.

అలాంటి స్విచ్చు లేని కంట్రోలర్లకు ఆటలను అమ్మే స్టీమ్ వేదికలోని స్టీమ్ ఇన్‌పుట్, డీఎస్4విండోస్ వంటి సాఫ్ట్‌వేర్లు దుబాసీలుగా పనిచేస్తాయి. ఇవి కంట్రోలరు పంపే సమాచారాన్ని తాము చదివి, కంప్యూటరులో ఒక మిథ్యా ఎక్స్‌బాక్స్ కంట్రోలరును సృష్టించి, దాని ద్వారా ఆటకు అందిస్తాయి. అయితే దుబాసీ ఉన్నంత మాత్రాన సర్వం సవ్యమనుకోవడం మరో అపోహ. అసలు కంట్రోలరు, మిథ్యా కంట్రోలరు రెండూ ఆటకు కనబడితే, మెనూలో ఒకసారి కిందికి నొక్కితే గుర్తు రెండు వరసలు దిగుతుంది. డ్యూయల్‌సెన్స్‌ను నేరుగా గుర్తించే ఆటలో ఇది తరచుగా జరుగుతుంది. ఆ ఒక్క ఆటకు స్టీమ్ ఇన్‌పుట్‌ను ఆపడం గాని, అసలు పరికరాన్ని ఆటకు కనబడకుండా దాచే హిడ్‌హైడ్ వంటి సాధనాన్ని వాడడం గాని దీనికి మందు. పైగా ఎక్స్‌ఇన్‌పుట్‌లో టచ్‌ప్యాడ్‌కు, కంట్రోలరును అటూ ఇటూ వంచితే గ్రహించే గైరోకు, వేలికి ఎదురొత్తిడినిచ్చే అడాప్టివ్ ట్రిగ్గర్లకు స్థానమే లేదు కనుక, ఈ మార్గంలో అవి నేరుగా ఆటకు చేరవు. ఆట తానుగా డ్యూయల్‌సెన్స్‌ను గుర్తించేదైతే, మిథ్యా కంట్రోలరును పక్కన పెట్టి కేబుల్‌తో నేరుగా జతచేయడమే ఉత్తమం.

అపోహ: ప్రతి కంట్రోలరుకూ డ్రైవర్ డౌన్‌లోడ్ చేయాలి

డ్రైవర్ అంటే ఫలానా పరికరంతో ఎలా వ్యవహరించాలో ఆపరేటింగ్ సిస్టమ్‌కు తెలిపే సాఫ్ట్‌వేర్. కీబోర్డులు, మౌస్‌లు పాటించే హెచ్‌ఐడీ అనే యూఎస్‌బీ ప్రమాణాన్నే సాధారణ గేమ్‌ప్యాడ్‌లూ పాటిస్తాయి కనుక వాటికి విండోస్‌లో ఉన్నది చాలు. ఎక్స్‌బాక్స్ కంట్రోలర్ల డ్రైవర్లు విండోస్ 10 నుంచీ సిస్టమ్‌తోనే వస్తున్నాయి. లినక్స్ కెర్నెల్‌లో ఎక్స్‌బాక్స్ కంట్రోలర్ల కోసం ఎక్స్‌ప్యాడ్ డ్రైవర్ ఏళ్ల తరబడి ఉంది. డ్యూయల్‌సెన్స్ కోసం సోనీయే రాసిన డ్రైవర్ 2021లో 5.12 వెర్షన్‌తో చేరింది. ఊరూ పేరూ లేని డ్రైవర్ ప్యాకేజీలను దించుకోవడం వల్ల కంట్రోలరుకు కలిగే మేలు ఏమీ లేకపోగా, కంప్యూటరు భద్రతకు మాత్రం ముప్పు.

అపోహ: వైరుంటే ఆలస్యం ఉండదు, వైర్‌లెస్ అయితే ఆలస్యం తప్పదు

యూఎస్‌బీ కంట్రోలరు తనంతట తానుగా సమాచారం పంపదు. కంప్యూటరు నిర్ణీత వ్యవధిలో అడిగినప్పుడు చెబుతుంది. సెకనుకు 125 సార్లు అడిగితే రెండు ప్రశ్నల మధ్య 8 మిల్లీసెకన్లు గడుస్తాయి కాబట్టి వైరులోనూ ఆలస్యం సున్నా కాదు. సెకనుకు 60 చిత్రాలు చూపే ఆటలో ఒక్కో చిత్రం తెరమీద దాదాపు 16.7 మిల్లీసెకన్లు నిలుస్తుంది. చిత్రాన్ని మెరుగుపరిచే ప్రక్రియలను టీవీ అదనంగా జోడిస్తే, కంట్రోలరు వల్ల కలిగే ఆలస్యం కన్నా అదే ఎక్కువ కావచ్చు. చేతికీ తెరకూ పొంతన కుదరడం లేదనిపించినప్పుడు ముందుగా టీవీలో గేమ్ మోడ్ పెట్టి చూడాలి.

వైర్‌లెస్‌లో నిజంగా బాధించేది ఆలస్యం కన్నా అంతరాయం. బ్లూటూత్ 2.4 గిగాహెర్ట్జ్ రేడియో పట్టీలో పనిచేస్తుంది, యూఎస్‌బీ 3.0 పోర్టులు, కేబుళ్లు అదే పట్టీలో రేడియో రొదను వెలువరిస్తాయని ఇంటెల్ 2012లో వెలువరించిన పత్రంలో వివరించింది. క్యాబినెట్ వెనుక, హార్డ్ డిస్కు గుచ్చిన నీలిరంగు యూఎస్‌బీ 3.0 పోర్టు పక్కనే బ్లూటూత్ డాంగిల్ పెడితే, లోహపు పెట్టె అడ్డూ, పక్కనున్న రొదా కలిసి కదలికలు తెగితెగి అందుతాయి. చిన్న ఎక్స్‌టెన్షన్ కేబుల్‌తో డాంగిల్‌ను బల్ల మీదికి తెస్తే చాలాసార్లు ఈ బాధ తీరుతుంది.

అపోహ: స్టిక్ దానంతట అదే కదులుతుంటే క్యాలిబ్రేషన్ చేస్తే సరిపోతుంది

క్యాలిబ్రేషన్ అంటే స్టిక్కు నడిమి స్థానం, చివరి అంచులు ఎక్కడున్నాయో కొలిచి సరిచూడడం. ఈ అలవాటు 1981 నాటి ఐబీఎం గేమ్ అడాప్టరు కాలానిది. అప్పట్లో జాయ్‌స్టిక్కులోని పొటెన్షియోమీటర్, అంటే కదిలించిన కొద్దీ విద్యుత్ నిరోధం మారే భాగం, ఒక కెపాసిటర్‌ను నింపడానికి పట్టే కాలాన్ని కంప్యూటరు కొలిచేది. కంప్యూటరు వేగాన్ని బట్టి లెక్క మారేది కాబట్టి క్యాలిబ్రేషన్ తప్పనిసరి. నేటి కంట్రోలరు తన విలువలను లోపలే అంకెలుగా మార్చి పంపుతుంది. విండోస్‌లోని పాత క్యాలిబ్రేషన్ తెర డైరెక్ట్‌ఇన్‌పుట్‌కే వర్తిస్తుంది, ఎక్స్‌ఇన్‌పుట్ దాని ఫలితాన్ని చదవనే చదవదు. బాగున్న ప్యాడ్‌కు తొందరపడి క్యాలిబ్రేషన్ చేసి నడిమి స్థానాన్ని చెడగొట్టుకున్నవారు అదే తెరలో డీఫాల్టుకు తిరిగివెళ్లే బటన్ నొక్కాలి.

స్టిక్ డ్రిఫ్ట్ అనే ఈ లోపానికి సాధారణ కారణం అరుగుదల. పొటెన్షియోమీటర్‌లో ఒక సన్నని లోహపు స్పర్శ నిరోధక పూత మీద రాసుకుంటూ తిరగడం వల్ల, కాలక్రమంలో పూత అరిగి, ఆ పొడి అక్కడే చేరి, స్టిక్కును వదిలేసినా విలువ సున్నాకు రాదు. నడిమి ప్రాంతంలోని చిన్న కదలికలను లెక్కచేయకుండా వదిలేసే డెడ్‌జోన్‌ను పెంచితే లోపం మరుగునపడుతుంది తప్ప మాయం కాదు. స్టిక్కు ఒక దిశలో సుమారు 32,767 దాకా విలువనివ్వగా, ఎడమ స్టిక్కుకు మైక్రోసాఫ్ట్ సూచించిన డెడ్‌జోన్ 7,849, అంటే దాదాపు నాలుగో వంతు; దాన్ని ఇంకా పెంచుకుంటూపోతే గురి చూసి కాల్చే ఆటల్లో మెల్లని కదలికలకు చోటుండదు.

1879లో ఎడ్విన్ హాల్ కనుగొన్న ప్రభావం ఆధారంగా, అయస్కాంత క్షేత్రంలోని మార్పును తాకకుండానే కొలిచే హాల్ సెన్సార్ స్టిక్కులు ఈ అరుగుదలను తప్పిస్తాయి. వాటికి డ్రిఫ్ట్ ఎన్నటికీ రాదనడం మాత్రం అతిశయోక్తి. స్టిక్కును నడిమికి తెచ్చే స్ప్రింగు సడలితే అవీ పక్కకే ఆగుతాయి. ఎక్స్‌బాక్స్ వన్ కంట్రోలరులో ట్రిగ్గర్లకు అయస్కాంతాలు, హాల్ సెన్సార్లు ఉండగా స్టిక్కులకు పొటెన్షియోమీటర్లే ఉన్నాయి. అందుచేత అలాంటి కంట్రోలరులో అరిగినది స్టిక్కు భాగమే అయితే కంట్రోలరంతా మార్చనక్కరలేదు. ఆ భాగం పద్నాలుగు కాళ్లతో సర్క్యూట్ బోర్డుకు టంకం వేసి ఉంటుంది కాబట్టి ఇంట్లో స్క్రూడ్రైవర్ ఒక్కదానితో తేలే పని కాదు గాని, ఫోన్ బోర్డులను టంకం పెట్టి బాగుచేసే చేయితిరిగిన మెకానిక్ దాన్ని ఊడదీసి కొత్తది అమర్చగలడు.